ఉద్యమాల మధ్య కెమెరా: దీపా ధన్‌రాజ్ డాక్యుమెంటరీల సమీక్ష

1980లో బెంగళూరులో నలుగురు కలిసి 'యుగాంతర్' పేరుతో ఒక చిన్న సినిమా బృందం పెట్టుకున్నారు. వారు దీపా ధన్‌రాజ్, ఆభా భయ్యా, మీరా రావు, ఛాయాగ్రాహకుడు నవ్‌రోజ్ కాంట్రాక్టర్. స్టూడియో లేదు, పెద్ద పెట్టుబడి లేదు. మూడేళ్ళలో నాలుగు చిన్న చిత్రాలు తీసి ఆ బృందం విడిపోయింది. దేశంలో స్త్రీవాద దృష్టితో ఏర్పడిన తొలి సినిమా బృందంగా ఇవాళ దానికి చరిత్రలో చోటుంది. దీపా ధన్‌రాజ్ మాత్రం అక్కడితో ఆగలేదు. పుణె పనిమనుషుల సమ్మె నుంచి హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో రోహిత్ వేముల మరణం తర్వాత లేచిన ఆందోళన దాకా దాదాపు నాలుగు దశాబ్దాల సామాజిక మార్పును ఆమె చిత్రాలు అనుసరించాయి. ఈ చిత్రాలను వరుసగా చూస్తే ఒకే ప్రశ్న పదేపదే ఎదురవుతుంది. అన్యాయాన్ని అనుభవించినవారి కథను వారి చేతుల్లోంచి లాక్కోకుండా సినిమాగా తీయడం ఎలా? ఆమె ఒక్కో చిత్రంలో ఒక్కో జవాబు వెతికారు. కొన్ని పూర్తిగా కుదిరాయి, కొన్ని సగమే.

ఆ ప్రశ్నకు అంత బరువు ఎందుకొచ్చిందో తెలియాలంటే అంతకు ముందు డాక్యుమెంటరీ ఎలా ఉండేదో చూడాలి. 1948లో కేంద్ర ప్రభుత్వం ఫిలింస్ డివిజన్‌ను ఏర్పాటు చేసింది. అసలు సినిమాకు ముందు ఆ సంస్థ చిత్రాన్ని వేయడం ప్రతి థియేటరుకూ తప్పనిసరిగా ఉండేది. తెలుగు ప్రేక్షకులు దానిని 'న్యూస్ రీలు' అనేవారు. ఆనకట్టలు, వరదలు, ప్రధాని పర్యటనలు, కుటుంబ నియంత్రణ ప్రచారం అందులో కనిపించేవి. తెరమీద రైతు నడిచేవాడు, కూలీ తట్ట మోసేది. మాట్లాడేది మాత్రం ఎక్కడో స్టూడియోలో కూర్చున్న ఒక గంభీర కంఠం. ఫిలింస్ డివిజన్‌లోనూ ధైర్యంగా ప్రయోగాలు చేసినవారు ఉన్నారు, వారిని మరవకూడదు. కానీ మామూలు పద్ధతి ఇదే. పేదవాడు దృశ్యం, ప్రభుత్వం స్వరం.

1970లలో ఈ పద్ధతి బీటలు వారింది. ఆనంద్ పట్వర్ధన్ జయప్రకాశ్ నారాయణ్ నాయకత్వంలోని బిహార్ ఉద్యమం మీద 'క్రాంతి కీ తరంగే' తీశారు. ఎమర్జెన్సీ కాలంలో దాన్ని రహస్యంగా చూపాల్సి వచ్చింది. 1978లో రాజకీయ ఖైదీల మీద 'జమీర్ కే బందీ' తెచ్చారు. ప్రభుత్వ సొమ్ము లేకుండా, అరువు తెచ్చుకున్న కెమెరాలతో సినిమా తీయొచ్చని తేలింది. అయితే ఈ తొలి స్వతంత్ర చిత్రాల్లో స్త్రీలు ఊరేగింపుల్లో కనిపించినంతగా మాట్లాడుతూ వినిపించరు. ఆ ఖాళీ యుగాంతర్‌కు మొదటి పని అయింది.

ఆ పనికి నేల అప్పటికే సిద్ధమై ఉంది. 1978లో హైదరాబాద్‌లో పోలీసు స్టేషన్‌లో జరిగిన అత్యాచారం, భర్త హత్యలతో రమీజా బీ పేరు నగరమంతా మార్మోగింది. జనం వీధుల్లోకి వచ్చారు, కర్ఫ్యూ పెట్టారు, న్యాయ విచారణ జరిగింది. అదే ఏడాది సుప్రీంకోర్టు మథుర అత్యాచారం కేసులో పోలీసులను నిర్దోషులుగా వదిలేసింది. మరుసటి ఏడాది నలుగురు న్యాయ అధ్యాపకులు ప్రధాన న్యాయమూర్తికి రాసిన బహిరంగ లేఖ దేశమంతటా మహిళా సంఘాలను కదిలించింది. హైదరాబాద్‌లో స్త్రీ శక్తి సంఘటన పుట్టింది ఈ వాతావరణంలోనే. తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల మాటలను వారి నోటి నుంచే సేకరించి 'మనకు తెలియని మన చరిత్ర'ను 1986లో తెచ్చింది ఈ సంఘమే. చెప్పేవారి మాటను దిద్దకుండా వినడం ఆ పుస్తకానికి ప్రాణం. యుగాంతర్ చిత్రాలకూ అదే ప్రాణం. ఒకే కాలంలో ఒకే ఆలోచన పుస్తకంలోకీ, సినిమాలోకీ వచ్చిందని చెప్పవచ్చు.

మొదటి చిత్రం 'మోల్‌కరీణ్' (1981). మరాఠీలో ఆ మాటకు పనిమనిషి అని అర్థం. 1980లో పుణెలో ఇళ్ళల్లో పాచిపని చేసే స్త్రీలు ఎవరూ పిలుపునివ్వకుండానే పని మానేశారు. ఆ సమ్మె నుంచి సంఘం పుట్టింది. ఫ్యాక్టరీ కార్మికులకు సంఘం కట్టడం సులువు, అందరూ ఒక గేటు దగ్గర కలుస్తారు. పనిమనిషి పొద్దున్నే నాలుగు ఇళ్ళకు ఒంటరిగా తిరుగుతుంది. ఆమె యజమాని ఒకరు కాదు నలుగురు. ఒక్కరోజు నాగా పెడితే జీతం కోత, జబ్బు చేస్తే పని ఊడటం. ఇలాంటివారు ఎలా కలిశారన్నదే చిత్రం. చిత్రానికి ఒక పని కూడా ఉంది. సంఘం మరో వాడకు వెళ్ళినప్పుడు దీన్ని వేసి చూపి, 'మనమూ ఇలా చేయొచ్చు' అనే మాట ఎత్తుకోవడానికి తీసింది ఇది. సినిమా అయిపోయిన తర్వాత జరిగే చర్చ సినిమాలో భాగమే అని యుగాంతర్ నమ్మింది. అందుకే నాలుగు చిత్రాలూ అరగంట మించవు. మిగతా సమయం చూసినవారిది.

రెండో చిత్రం 'తంబాకూ చాకిలా ఊబ్ ఆలీ' (1982). ఈ వరుసలో అతి బలమైన పని ఇదే. కర్ణాటక, మహారాష్ట్ర సరిహద్దున ఉన్న నిపాణి పొగాకు పట్టణం. అక్కడి ఫ్యాక్టరీల్లో వేలమంది స్త్రీలు పొగాకును దంచి, జల్లెడ పట్టి, దుమ్ము పీల్చి బతుకుతారు. గుంటూరు, ప్రకాశం జిల్లాల్లో పొగాకు గ్రేడింగ్‌కు వెళ్ళిన ఇంటి ఆడవాళ్ళు తెచ్చే ఘాటు ఎలాంటిదో తెలిసినవారికి నిపాణి దృశ్యాలు పరాయివిగా అనిపించవు. తక్కువ కూలి, ఎక్కువ గంటలు, మేస్త్రీల వేధింపు భరించి భరించి ఆ స్త్రీలు సంఘంగా ఏర్పడి సమ్మె చేశారు. చికోడి తాలూకా కామ్‌గార్ మహాసంఘ్ వారికి అండగా నిలిచింది.

బృందం నిపాణి చేరేసరికి సమ్మెలోని ముఖ్య ఘట్టాలు అయిపోయాయి. కెమెరా లేని రోజున జరిగినదాన్ని ఎలా చూపాలి? వాళ్ళనే అడిగారు. స్త్రీలు సమ్మె రోజులను తామే మళ్ళీ నడిపి చూపించారు. ఎవరు ఎక్కడ నిలబడ్డారో, ఎవరు ముందు నోరు విప్పారో వాళ్ళే నిర్ణయించారు. నలుపు తెలుపులో తీసిన ఆ సన్నివేశాల్లో నటన అనే తేడా చెరిగిపోతుంది. గుంపుగా కూర్చున్న స్త్రీల్లో ఒకామె మాట మొదలుపెడితే ఇంకొకామె అందుకుంటుంది, మూడో ఆమె సరిచేస్తుంది. డాక్యుమెంటరీలో పునఃప్రదర్శన ఉంటే నిజం పలచబడుతుందని ఒక వాదన ఉంది. ఈ చిత్రం ముందు ఆ వాదన నిలవదు. జరిగినదాన్ని జరిపించినవారే మళ్ళీ చేసి చూపినప్పుడు జ్ఞాపకం కూడా సాక్ష్యమే అవుతుంది. ఫ్యాక్టరీ లోపల తీసిన దృశ్యాలకు మరో విలువ ఉంది. యజమాని గోడల లోపల ఏం జరుగుతుందో బయటివారు చూసింది అప్పుడే.

మూడోది తెలుగు చిత్రం 'ఇది కథ మాత్రమేనా?' (1983). స్త్రీ శక్తి సంఘటనతో కలిసి చేసింది. తెలుగు స్త్రీవాదం కవిత్వం, కథ, పత్రిక ద్వారా తెలిసినంతగా ఈ చిన్న చిత్రం ద్వారా తెలియకపోవడం లోటే. ఇది డాక్యుమెంటరీ కాదు, కల్పిత కథ. ఇంట్లో భర్త చేతి హింస దీని విషయం. ఇంటి హింసను నేరుగా చిత్రీకరించాలంటే బాధితురాలి ముఖాన్ని ఊరందరి ముందు పెట్టాలి. అది ఆమెకు ఇంకో ప్రమాదం. అందుకని సంఘం సభ్యులు తమలో తాము మాట్లాడుకున్న అనుభవాలను పోగుచేసి, వాటి నుంచి కథ అల్లి, తామే నటించారు. సంభాషణల్లో చాలా భాగం అక్కడికక్కడ పుట్టినవే. కెమెరా ఇంటి గదుల్లోనే తిరుగుతుంది. వంటిల్లు, మంచం, వాకిలి తప్ప మరో లోకం కనిపించదు. హింస దెబ్బగా కంటే ఒంటరితనంగా ఎక్కువ అనుభవానికి వస్తుంది. ఆ ఒంటరితనంలోంచి ఇంకో స్త్రీతో మాట కలపడంతో కథ మలుపు తిరుగుతుంది.

ఆ సంవత్సరాన్ని గుర్తుపెట్టుకోవాలి. భర్త, అత్తింటివారి క్రూరత్వాన్ని నేరంగా గుర్తించిన 498ఏ సెక్షన్ శిక్షాస్మృతిలోకి వచ్చింది 1983 చివరలోనే. గృహహింస నుంచి రక్షణ కల్పించే ప్రత్యేక చట్టం వచ్చింది 2005లో. స్టవ్ పేలి కోడలు చనిపోయిందన్న వార్త పత్రికల్లో చిన్న పెట్టెలో వచ్చే కాలంలో, చట్టంలో ఇంకా సరైన పేరైనా లేని ఒక విషయానికి ఈ చిత్రం తెలుగు పేరు పెట్టి తెలుగు ఇంట్లో చూపింది.

నాలుగోది 'సుదేశ' (1983). హిమాలయ పాదాల్లో, చెట్లను కాపాడే చిప్కో ఉద్యమంలో పనిచేసిన ఒక గ్రామీణ స్త్రీ గురించి. బాగున్న చిత్రమే కానీ ముందటి మూడింటిలోని సామూహిక పద్ధతి ఇందులో పలచబడింది. ఒక వ్యక్తిని కేంద్రంగా పెట్టుకోవడం వల్ల అడవి, కట్టెలు, నీళ్ళు, మగవాళ్ళ ఒప్పందాలు అన్నీ ఆమె కథకు నేపథ్యంగా మారిపోతాయి.

యుగాంతర్ తర్వాత దీపా ధన్‌రాజ్ తీసిన మొదటి పెద్ద చిత్రం హైదరాబాద్‌దే. 'క్యా హువా ఇస్ షహర్ కో?' (1986), నిడివి గంటన్నర. ఈ నగరానికి ఏమైంది అన్న ఆ ప్రశ్న 1984 నాటిది. ఆ ఏడాది ఆగస్టు 16న ఎన్.టి. రామారావు ప్రభుత్వాన్ని గవర్నరు బర్తరఫ్ చేసి నాదెండ్ల భాస్కరరావును గద్దెనెక్కించారు. సరిగ్గా నెల తర్వాత, సెప్టెంబరు 16న, రామారావు తిరిగి ముఖ్యమంత్రి అయ్యారు. శాసనసభ్యుల బేరసారాల గురించి రాష్ట్రమంతా మాట్లాడుకుంటున్న ఆ నెలలోనే పాతబస్తీ మతకల్లోలంతో తగలబడింది. నగరంలో మత సామరస్యం కోసం పనిచేస్తున్న 'హైదరాబాద్ ఏక్తా' అనే పౌర సంఘంతో కలిసి ధన్‌రాజ్ బృందం చిత్రీకరణ చేసింది. అల్లర్లు చల్లారాక వచ్చి శిథిలాలు తీయడం వేరు, అవి రగులుతుండగా ఊరేగింపు మధ్య నిలబడి తీయడం వేరు. ఈ చిత్రంలో రెండోది ఉంది.

గణేశ్ నిమజ్జన ఊరేగింపు సాగుతుంటే నినాదాల తీరు వీధి వీధికీ ఎలా మారుతుందో కెమెరా ఓపికగా పట్టుకుంటుంది. రెండు పక్షాల నాయకులూ కెమెరా ముందు తమ లెక్కలను దాచుకోకుండా చెబుతారు. వాటికి ఎదురుగా కర్ఫ్యూలో చిక్కుకున్న రోజుకూలీలు, దుకాణం కాలిపోయినవారు, కొడుకును పోగొట్టుకున్న తల్లులు. నిజాం పాలన, 1948 పోలీసు చర్య, ఆ తర్వాత పాతబస్తీ ఉపాధి దెబ్బతిన్న తీరు వ్యాఖ్యానంలో వస్తాయి. మతఘర్షణ అనేది రెండు సమూహాల మధ్య ఉన్నట్టుండి పుట్టే ఆవేశం కాదని, ఓట్లు, భూమి, పలుకుబడి కోసం దాన్ని ఏటేటా సాగు చేస్తారని చిత్రం వాదిస్తుంది. ఈ వాదనను నమ్మించేది వ్యాఖ్యానం కాదు, దఖనీ యాసలో మాట్లాడే మామూలు మనుషులు. వ్యాఖ్యానం కొన్నిచోట్ల బరువుగా ఉంది. ముందటి చిత్రాల్లో మనుషులకే వదిలేసిన పనిని ఇక్కడ అది తన మీద వేసుకుంది. ఆరేళ్ళ తర్వాత అయోధ్య రథయాత్ర మీద పట్వర్ధన్ తీసిన 'రామ్ కే నామ్' దేశమంతా తెలిసింది. దానికి ముందే ఒక నగరంలో అదే రాజకీయం ఎలా తయారైందో చెప్పిన ఈ చిత్రం ఆ నగరంలోనే చాలామందికి తెలియదు.

1991లో వచ్చిన 'సమ్‌థింగ్ లైక్ ఏ వార్' ధన్‌రాజ్‌కు అంతర్జాతీయ గుర్తింపు తెచ్చింది. బ్రిటన్‌లోని చానల్ ఫోర్ కోసం తీసిన ఈ చిత్రం భారతదేశ కుటుంబ నియంత్రణ కార్యక్రమాన్ని ఆడవాళ్ళ శరీరాల వైపు నుంచి చూసింది. 1952లో మొదలైన ఆ కార్యక్రమం ఎర్ర త్రికోణం గుర్తుతో ఊరూరి గోడలకెక్కింది. ఎమర్జెన్సీలో, 1976–77 ఒక్క ఏడాదిలోనే, 80 లక్షలకు పైగా ఆపరేషన్లు జరిగాయి. వాటిలో ఎక్కువ మగవాళ్ళకు చేసినవి. ఆ బలవంతం మీద వచ్చిన ఆగ్రహం 1977లో ప్రభుత్వాన్ని కూల్చింది. తర్వాతి ప్రభుత్వాలు నేర్చుకున్న పాఠం విచిత్రమైనది. బలవంతం పోలేదు, మగవాళ్ళ నుంచి ఆడవాళ్ళ వైపు మళ్ళింది. లక్ష్యాలు, ప్రోత్సాహకాలు, శిబిరాలు అలాగే మిగిలాయి.

చిత్రం రెండు దారాలను పేనుతుంది. ఒక వైపు ఆపరేషన్ శిబిరం. వరుసగా పడుకోబెట్టిన స్త్రీలు, తాను ఎన్ని ఆపరేషన్లు చేశాడో, ఒక్కోదానికి ఎంత తక్కువ సమయం తీసుకుంటాడో గర్వంగా చెప్పే వైద్యుడు. ఆ దృశ్యం మీద వ్యాఖ్యానం ఏమీ ఉండదు, అవసరం కూడా లేదు. రెండో వైపు నేల మీద గుండ్రంగా కూర్చున్న గ్రామీణ స్త్రీలు. తమ శరీరం బొమ్మ గీసుకుని, నెలసరి, కానుపు, కోరిక, పిల్లలు చనిపోవడం గురించి నవ్వుతూ, ఏడుస్తూ మాట్లాడుకుంటారు. శిబిరంలో వీళ్ళు అంకెలు. ఇక్కడ తమకు ఏం కావాలో స్పష్టంగా తెలిసిన మనుషులు. యుగాంతర్‌లో నేర్చిన సామూహిక సంభాషణ ఒక జాతీయ విధానాన్ని నిలదీసే స్థాయికి ఎదిగింది ఈ చిత్రంలోనే.

హైదరాబాద్‌కు ఈ విషయంతో నేరుగా సంబంధం ఉంది. 1985లో పటాన్‌చెరులో నెట్-ఎన్ అనే గర్భనిరోధక ఇంజెక్షన్‌ను స్త్రీల మీద పరీక్షిస్తుండగా, వారికి అది ప్రయోగమన్న సంగతి కూడా చెప్పలేదని స్త్రీ శక్తి సంఘటన బయటపెట్టింది. మరుసటి ఏడాది ఆ సంఘం, ఢిల్లీలోని సహేలీ తదితరులు సుప్రీంకోర్టుకు వెళ్ళారు. స్త్రీల ఆరోగ్యం గురించి తెలుగులో వచ్చిన 'సవాలక్ష సందేహాలు' పుస్తకం వెనుక ఉన్నదీ ఈ కృషే. చిత్రం చెప్పిన సంగతి పాతబడలేదు కూడా. 2014 నవంబరులో ఛత్తీస్‌గఢ్‌లోని బిలాస్‌పూర్ జిల్లాలో ఒకే శిబిరంలో 83 మందికి ఆపరేషన్లు చేయగా పదిమందికి పైగా చనిపోయారు. 2016లో సుప్రీంకోర్టు ఇలాంటి శిబిరాలను మూడేళ్ళలో ఆపేయాలని చెప్పింది. అయినా 2022 ఆగస్టులో హైదరాబాద్ పక్కన ఇబ్రహీంపట్నంలో 34 మందికి ఇవే ఆపరేషన్లు చేస్తే నలుగురు తల్లులు ప్రాణాలు కోల్పోయారు. 2019–21 జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వే ప్రకారం ఆంధ్రప్రదేశ్‌లో సంతానవయసు వివాహితల్లో దాదాపు 70 శాతం ఈ ఆపరేషన్ చేయించుకున్నవారే. దేశవ్యాప్తంగా మగవాళ్ళ వాటా అర శాతం కూడా లేదు. ఈ అంకెల పక్కన పెట్టి చూస్తే 1991 నాటి చిత్రం నేటి చిత్రంలాగే ఉంటుంది.

1994 నాటి 'ద లెగసీ ఆఫ్ మాల్థస్' ఇదే వాదనను ముందుకు తీసుకెళ్ళింది. పేదరికానికి కారణం జనం ఎక్కువ కావడమా, భూమి కొద్దిమంది చేతుల్లో ఉండటమా అని రాజస్థాన్‌నూ స్కాట్లండ్‌నూ పక్కపక్కన పెట్టి అడిగింది. వాదన పదునైనదే, మనుషులు మాత్రం ముందటి చిత్రంలోలా గుర్తుండిపోరు. ఆ దశకంలోనూ తర్వాతా ధన్‌రాజ్ ఉపాధ్యాయులు, పాఠశాల విద్య కోసం వీడియోలు తీశారు. సినిమా చరిత్రలు వాటిని పట్టించుకోవు. ఆమె దృష్టిలో తరగతి గది కూడా మార్పు జరిగే చోటేనని మాత్రం అవి చెబుతాయి.

2000 తర్వాతి చిత్రాల్లో ఒక మార్పు స్పష్టంగా కనిపిస్తుంది. 1980ల చిత్రాల్లో స్త్రీలు అధికారం ముందు నిలబడి అడుగుతారు. ఈ చిత్రాల్లో వాళ్ళే కూర్చుని తీర్పు చెబుతారు. 1989లో ప్రభుత్వం మొదలుపెట్టిన మహిళా సమాఖ్య కార్యక్రమం, ఆంధ్రప్రదేశ్‌లో 'మహిళా సమత'గా పనిచేసినది, పల్లెల్లో స్త్రీ సంఘాలను కట్టింది. గుజరాత్, ఉత్తరప్రదేశ్‌లలో ఆ సంఘాల నుంచి 'నారీ అదాలత్'లు పుట్టాయి. పెద్దగా చదువులేని స్త్రీలు చెట్టుకింద కూర్చుని విడాకులు, మనోవర్తి, కొట్టడం వంటి తగాదాలు విని పరిష్కరించేవారు. ధన్‌రాజ్ 'నారీ అదాలత్' (2000) దీని మీదే. అదే దారిలో వచ్చిన 'ఇన్‌వోకింగ్ జస్టిస్' (2011) మరింత లోతైనది. తమిళనాడులోని పుదుక్కోట్టైలో దావూద్ షరీఫా ఖానం నాయకత్వంలో 2004లో ముస్లిం మహిళలు తమ సొంత జమాత్ పెట్టుకున్నారు. మసీదును అంటిపెట్టుకున్న మగవాళ్ళ జమాత్‌లు కుటుంబ తగాదాలు తేలుస్తాయి, అక్కడ స్త్రీకి కూర్చునే హక్కు కూడా లేదు. చిత్రం తీసేనాటికి మహిళా జమాత్ 12 జిల్లాల్లో పనిచేస్తూ 8,000కు పైగా కేసులు చూసింది.

ఈ చిత్రం గొప్పదనం తొందరపడకపోవడంలో ఉంది. ఒక్కో కేసును పూర్తిగా విననిస్తుంది. భార్య తరఫువాళ్ళు, భర్త తరఫువాళ్ళు, స్థానిక పెద్దలు, పోలీసులు అందరూ మాట్లాడతారు. ఈ స్త్రీలు మతాన్ని విడిచి బయట నిలబడలేదు, తమ గ్రంథం తమకూ చెందుతుందన్నారు. ముస్లిం స్త్రీని బాధితురాలిగా మాత్రమే చూపే బయటి సినిమాకూ, సమస్యే లేదనే లోపలి పెద్దలకూ ఈ చిత్రం ఒకేసారి సమాధానం.

న్యాయం మీద ఈ ఆసక్తిలో మరో ముఖ్యమైన చిత్రం 'ద అడ్వొకేట్' (2007). పౌరహక్కుల న్యాయవాది కె.జి. కన్నబిరన్ (1929–2010) జీవితం ఇది. ఎమర్జెన్సీ ముగిశాక ఆంధ్రప్రదేశ్‌లో ఎన్‌కౌంటర్ హత్యలపై తార్కుండే కమిటీలో, భార్గవ కమిషన్ ముందు ఆయన చేసిన పని, కుట్ర కేసుల్లో నక్సలైట్ల తరఫు వాదన, ఆంధ్రప్రదేశ్ పౌరహక్కుల సంఘం అధ్యక్షుడిగా పదిహేనేళ్ళ కాలం తెలుగు రాజకీయ చరిత్రలో విడదీయలేని భాగం. ఆయన భార్య వసంత కన్నబిరన్ స్త్రీ శక్తి సంఘటన వ్యవస్థాపకుల్లో ఒకరు. ధన్‌రాజ్ తొలి తెలుగు చిత్రం పుట్టిన ప్రపంచమే ఇక్కడ మరో వైపు నుంచి తిరిగి వచ్చింది. ఒక్క మనిషి జీవితకథ కావడం వల్ల 'సుదేశ'లోని చిక్కు ఇక్కడా వచ్చే ప్రమాదముంది. కన్నబిరన్ తన గురించి కంటే రాజ్యాంగం గురించే ఎక్కువ మాట్లాడే మనిషి కాబట్టి అది తప్పింది.

2016 జనవరి 17న హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో పరిశోధక విద్యార్థి రోహిత్ వేముల ఆత్మహత్య చేసుకున్నాడు. హాస్టల్ నుంచి వెలివేయబడిన ఐదుగురు దళిత విద్యార్థుల్లో అతనొకడు. వాళ్ళు ఆరుబయట గుడారం వేసుకుని, దానికి 'వెలివాడ' అని పేరు పెట్టి, అంబేడ్కర్ పటాల మధ్య పడుకున్నారు. ఊరి చివరి వెలివాడను విశ్వవిద్యాలయం నడిబొడ్డుకు తెచ్చి చూపిన ఆ ఒక్క తెలుగు మాట దేశమంతా వినిపించింది. ధన్‌రాజ్ 2018లో తెచ్చిన చిత్రం పేరుకు 'మేం చావడానికి రాలేదిక్కడికి' అని అర్థం. రోహిత్ మరణాన్ని విషాదగాథగా మలచకుండా, ఆ తర్వాత నోరు విప్పిన విద్యార్థుల వెంట నడిచింది ఈ చిత్రం. ఉన్నత విద్యలో కులం ఎలా పనిచేస్తుందో వారు చెబుతారు. ఇంటర్వ్యూల్లో వాళ్ళు వాడే మాటలు గమనించదగినవి. నిపాణి స్త్రీలు తమ అనుభవాన్ని కథగా చెప్పారు, ఈ విద్యార్థులు దాన్ని సిద్ధాంతంగా కూడా చెబుతారు. వివరించే పని సినిమా తీసేవారిది కాకుండా పోయింది. దర్శకురాలు ఆ మార్పును గుర్తించి వెనక్కి తగ్గారు.

ఈ చిత్రం నుంచి వెనక్కి తిరిగి చూస్తే మొదటి దశలోని ఒక లోపం తెలుస్తుంది. పుణె పనిమనుషుల్లో, నిపాణి కార్మికుల్లో అట్టడుగు కులాల స్త్రీలు ఎందరో. అయినా ఆ చిత్రాల్లో కూలి, లింగవివక్ష గురించి ఉన్నంత సూటిగా కులం గురించి లేదు. ఇది ఒక దర్శకురాలి లోపం అనడం కంటే ఆ దశకపు మహిళా ఉద్యమం మొత్తానికి ఉన్న చూపు లోపం అనడం న్యాయం. తెలుగులో 1990ల నుంచి దళిత, ముస్లిం రచయిత్రులు ఇదే మాటను గట్టిగా అడిగారు. గోగు శ్యామల సంపాదకత్వంలో వచ్చిన దళిత స్త్రీల సాహిత్య సంకలనం 'నల్లపొద్దు' ఆ ప్రశ్నకు నిలువెత్తు రూపం. ధన్‌రాజ్ తర్వాతి పని ఆ ప్రశ్నను విన్నదని 2018 చిత్రం రుజువు చేస్తుంది. అయితే దళిత స్త్రీల గొంతు ఆ చిత్రానికే వెన్నెముక అయ్యేంతగా వినిపించిందా అంటే పూర్తిగా అవునని చెప్పలేం.

ఛాయాగ్రహణం విషయంలో నవ్‌రోజ్ కాంట్రాక్టర్‌ను విడిగా చెప్పుకోవాలి. మణి కౌల్ 'దువిధా' (1973)కు ఛాయాగ్రహణం చేసిన చెయ్యి ఆయనది. కూర్చున్నవారి ఎత్తుకు కెమెరాను దించడం, మాట్లాడే ముఖం నుంచి వినే ముఖానికి మెల్లగా జరపడం ఆయన అలవాటు. గుంపుగా మాట్లాడుకునే స్త్రీలను తీసేటప్పుడు ఈ అలవాటే చిత్రానికి అర్థాన్ని ఇచ్చింది. చెప్పేది ఒకరైనా తెర నిండా అందరూ ఉంటారు. ఆయన 2023 జూన్‌లో రోడ్డు ప్రమాదంలో మరణించారు.

ఇక ఈ చిత్రాలు జనానికి చేరిన దారి. యుగాంతర్ రోజుల్లో 16 ఎంఎం ప్రొజెక్టరు మోసుకెళ్ళి బస్తీల్లో, సంఘాల ఆఫీసుల్లో వేసేవారు. థియేటరు ఈ చిత్రాలకు ఎప్పుడూ తలుపు తీయలేదు. 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టం ప్రకారం బహిరంగ ప్రదర్శనకు ధ్రువపత్రం తప్పనిసరి. 2004లో ముంబయి అంతర్జాతీయ డాక్యుమెంటరీ ఉత్సవంలో భారతీయ చిత్రాలకు ఆ షరతు పెట్టినప్పుడు దర్శకులు తిరగబడి 'వికల్ప్' పేరుతో పక్కనే వేరే ఉత్సవం జరుపుకున్నారు. ధ్రువపత్రం ఉన్నా పూర్తి భద్రత లేదు. 'రామ్ కే నామ్'కు జాతీయ అవార్డు వచ్చింది, దూరదర్శన్‌లోనూ వచ్చింది. అయినా 2019 ఆగస్టులో హైదరాబాద్ కేంద్రీయ విశ్వవిద్యాలయంలో, 2024 జనవరిలో సైనిక్‌పురిలో దాని ప్రదర్శనలను పోలీసులు ఆపారు. ఉద్యమం వెంట నడిచే సినిమాకు ప్రేక్షకుడిని చేరడం తీయడమంత కష్టం.

కాలం ఇంకో రకమైన శత్రువు. ఫిల్మ్ రీళ్ళు తేమకు పాడవుతాయి, ప్రింట్లు చేతులు మారి అరిగిపోతాయి. ఒక చిన్న బృందం విడిపోయాక దాని రీళ్ళను చూసుకునే నాథుడు ఉండడు. యుగాంతర్ చిత్రాలు చాలా ఏళ్ళు దాదాపు కనుమరుగయ్యాయి. బెర్లిన్‌లోని ఆర్సెనల్ సినిమా సంస్థ ముందుగా 'క్యా హువా ఇస్ షహర్ కో?'ను పునరుద్ధరించి 2013లో తిరిగి తెరమీదికి తెచ్చింది. తర్వాత యుగాంతర్ చిత్రాలను కూడా డిజిటల్ రూపంలోకి తెచ్చింది. అప్పటి నుంచి అవి దేశవిదేశాల ఉత్సవాల్లో, విశ్వవిద్యాలయాల్లో తిరుగుతున్నాయి. హైదరాబాద్ ఇళ్ళల్లో, హైదరాబాద్ స్త్రీలు తెలుగులో మాట్లాడుతూ తీసిన 'ఇది కథ మాత్రమేనా?' కూడా వాటిలో ఉంది.